నలభై మూడు గడపలు

పోయినవాటి లెక్క ముందు రాస్తాను.

పొడుగు నోటుపుస్తకాలు పద్నాలుగు. పురికొసతో కట్టలు కట్టిన జవాబు కాగితాలు, ఆరు అట్టపెట్టెలు. పత్రికల్లో వచ్చిన వ్యాసాలు కత్తిరించి అంటించిన పాత డైరీలు మూడు. అచ్చుకాని రాతప్రతి ఒకటి, దాదాపు నాలుగు వందల పేజీలు. దానికి ఇంకా పేరు పెట్టలేదు. కర్ర పిడి ఉన్న నల్ల గొడుగు ఒకటి. గాజుసీసా నిండా పెన్సిలు ముక్కలు. వాటిని నేనెప్పుడూ లెక్కపెట్టలేదు, ఒప్పుకుంటున్నాను.

ఇవన్నీ ఒక్క పూటలో పోయాయి. ఫిలింనగర్ ఎత్తు మీద ఒక మూడంతస్తుల ఇంట్లో పై వాటాలో, ఆ కాగితాలు రాసుకున్న ఆవిడ ఇరవై ఎనిమిదేళ్ళు కిరాయికి ఉన్నారు. ఆవిడ పోయాక, కర్మకాండలు అయిన మర్నాడే ఆవిడ చెల్లెలి కొడుకు వాటా ఖాళీ చేశాడు. అతన్ని తప్పు పట్టను. రెండు రోజుల సెలవు మీద వచ్చిన మనిషికి పెద్దమ్మ కాగితాలు కాగితాల్లాగే కనబడతాయి. నేను గంట ఆలస్యంగా చేరాను. మెట్ల మీద ఒకే ఒక జవాబు కాగితం పడి ఉంది, దాని మీద ఎవరిదో చెప్పు ముద్ర. పాత కాగితాలు కొనే ఆయన గోడౌను టోలిచౌకిలో ఉందంటే అక్కడికీ పోయాను.

"ఇప్పుడే లారీ ఎక్కినయ్ అన్నా. జర ముందల రాకపోతివి" అన్నాడాయన.

మిగిలింది పదిహేనో నోటుపుస్తకం. అది నా దగ్గర ఉంది కాబట్టి మిగిలింది. అందులో నలభై మూడు పేర్లున్నాయి. వాటి సంగతి చెప్పాలంటే ఆవిడ సంగతి చెప్పాలి.

ఆవిడ పేరు రాయను. తన పేరు ఎక్కడైనా పెద్ద అక్షరాల్లో కనబడితే ముఖం చిట్లించుకునే మనిషి. కోస్తా వైపు నుంచి వచ్చి, కాలేజీలో రాజనీతిశాస్త్రం చెప్పి, గడువుకి ముందే మానేసి, రాసుకుంటూ కూర్చున్నారు. నేను మేడం అనేవాణ్ణి. ఎత్తు దిగితే వచ్చే బస్తీలో అందరూ టీచరమ్మ అనేవాళ్ళు.

మొదటిసారి చూసింది ఒక షూటింగ్‌లో. అప్పుడు నాకు ముప్పై ఉంటాయి. కృష్ణానగర్‌లో జూనియర్ ఆర్టిస్టుల ఏజెంటు దగ్గర తలలు లెక్కపెట్టే పని నాది. పొద్దున్నే బస్సుల్లో ఎంతమంది ఎక్కారు, సెట్లో ఎంతమంది దిగారు, భోజనానికి ఎంతమంది, తిరిగి ఎంతమంది. తొమ్మిదో తరగతితో చదువు ఆగింది. ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద గణాంకశాస్త్రం పుస్తకం ఒకటి దొరికింది కానీ దానికి మొదటి ఇరవై పేజీలు లేవు. అందుకని సగటు అంటే ఏమిటో చదవకుండానే దాని తర్వాతివన్నీ నేర్చుకున్నాను.

ఆ రోజు ఆవిడ ఇంటికి ఎదురుగా ఉన్న బంగళాలో పెళ్ళి సీను. జనరేటర్ వ్యాను సరిగ్గా ఆవిడ కిటికీ కింద పెట్టారు. గొడుగు పట్టుకుని దిగివచ్చారు. పోట్లాడటానికే వచ్చారు కానీ ఆ జనాన్ని చూసి ఆగిపోయారు.

"ఎంతమంది ఉన్నారయ్యా ఇక్కడ?"

"రెండు వందల పద్నాలుగు మేడం. మీతోని పదిహేను."

"సుమారుగానా?"

"సుమారెందుకు మేడం. లెక్కనే."

ఆవిడ వెళ్ళలేదు. భోజనాల దాకా మెట్ల మీద కూర్చున్నారు. ప్రొడక్షన్ వాళ్ళు ప్లేట్లు ఇస్తుంటే కాగితం మీద పెన్సిలుతో గీతలు పెట్టుకున్నారు. అయిపోయాక గొడుగు కొనతో నన్ను పిలిచారు.

"రెండు వందల పదమూడు ప్లేట్లు. నీ లెక్కలో ఒకటి ఎక్కువుంది."

"ఇయ్యాల శనివారం మేడం. మేకప్ అసిస్టెంటు ఒకాయన ఉపాసమున్నడు. అగో, గా చెట్టు కింద పండుకుండు."

చెట్టు దాకా వెళ్ళి, ఆయన్ని లేపి, అడిగి వచ్చారు. వచ్చి, "రేపు సాయంత్రం పైకి రా. నాకు లెక్క చూసే మనిషి కావాలి" అన్నారు. జనరేటర్ సంగతి మరిచిపోయారు. అది రోజంతా అక్కడే మోగింది.

ఆవిడ గదిలో కూర్చునే చోటు రెండే. మిగతాదంతా కాగితాలు. పాలు పొయ్యి మీద పెట్టి రాతలో పడిపోయేవారు. ఆ ఇంట్లో అడుగు మాడని గిన్నె నేను చూడలేదు. షూటింగ్ అయిపోయిన సీన్ల కాగితాలు ప్రొడక్షన్ ఆఫీసుల్లో పారేస్తుంటే నేను తెచ్చి ఇచ్చేవాణ్ణి. వాటి వెనక పక్క రాసేవారు. ఒక పక్క విలన్ 'నీ వంశం నాశనం చేస్తా' అని అరుస్తుంటాడు, తిప్పితే రెండో పక్క హాస్టళ్ళలో పిల్లలకు దుప్పట్లు ఎవరికి ముందు ఇవ్వాలన్న చర్చ. "వాడికంటే నా పక్కే భయంగా ఉందయ్యా" అని నవ్వేవారు.

ఎవరినైనా తెలివైనవాడు అంటే చాలు, ఆవిడ నోటి నుంచి ఒకే మాట వచ్చేది: "ఎందులో?" అవి కంప్యూటర్ రోజులు. మాదాపూర్ వైపు అద్దాల మేడలు లేస్తున్నాయి. జూబ్లీహిల్స్‌లో ప్రతి ఇంటి వాళ్ళకీ ఒక తెలివైన కొడుకు ఉండేవాడు. కింద వాటా ఓనరు గారు ఒకసారి స్వీటు డబ్బాతో వచ్చారు.

"మావాడికి సాఫ్ట్‌వేర్‌లో వచ్చిందండీ. చిన్నప్పటి నుంచీ బ్రిలియంటు."

"ఎందులో అండీ?"

"అంటే... అన్నిట్లోనూ అండీ."

"గ్యాసు సిలిండరు మార్చడం వచ్చా?"

ఓనరు గారు నా వైపు చూశారు. నేను స్వీటు వైపు చూశాను. ఆ తర్వాత ఆయన మెట్ల మీద ఎదురైనా పిల్లల ఊసెత్తలేదు.

ఆవిడ జీవితమంతా రాసింది ఒకే విషయం మీద. సర్కారు చేతిలో ఉండేది కొద్ది. ఆ కొద్దిని ఎవరికి ఇవ్వాలి, ఎలా తేల్చాలి? బయటి దేశాల్లో కొందరు పండితులు తెలివి పుట్టుకతోనే వస్తుందని, పేదరికం చాలావరకు దాన్ని బట్టే ఉంటుందని, అందుకని సాయాలు దండగని పుస్తకాలు రాశారట. ఆవిడ స్నేహితులు ఆ పుస్తకాలు ముట్టుకునేవారు కాదు. ఆవిడ అట్ట నుంచి అట్ట దాకా పెన్సిలుతో చదివారు. "తప్పు తప్పు అని అరవడం తేలికేనయ్యా. ఏ పేజీలో ఏ లెక్క తప్పిందో చూపించాలి. చూపించలేకపోతే నోరు మూసుకోవాలి" అనేవారు. మనుషుల శక్తిలో తేడాలుండవని ఆవిడ ఎప్పుడూ రాయలేదు. తేడాని కొలిచే పద్ధతి గుడ్డిదైతేనే న్యాయంగా ఉంటుందని రాశారు. గుడ్డిది అంటే పేరు, కులం, ఇల్లు చూడనిది.

దానికి ఆవిడ కారణం ఆవిడకుంది. వాళ్ళ నాన్న గుళ్ళో వంట చేసేవారు. పదకొండో ఏట స్కాలర్‌షిప్పు పరీక్ష రాశారు. "ఆ పేపరు దిద్దినాయనకు నేను ఆడపిల్లనని తెలీదు, ఎవరి కూతుర్నో తెలీదు. నంబరు ఒక్కటే తెలుసు. ఆ నంబరే నన్ను పొగలోంచి బయటికి లాగింది" అని చెప్పేవారు. ఈ మాట చెప్పేటప్పుడు మాత్రం ఆవిడ గొంతు కొంచెం మెత్తబడేది.

ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీ యజమాని ఆవిడ వ్యాసాలు చదివేవాడు. బస్తీ పిల్లల కోసం సాయంత్రాలు ఒక కంప్యూటర్ గది తెరుస్తానని, ఫీజు ఉండదని, ఇరవై కంప్యూటర్లు పెడతానని చెప్పాడు. వచ్చే పిల్లలు ఎక్కువ. ఎవర్ని తీసుకోవాలో పరీక్ష పెట్టి చెప్పమని ఆవిడను అడిగాడు. ఆవిడకు అంతకంటే ఇష్టమైన పని లేదు. ఎనిమిది నుంచి పన్నెండేళ్ళ పిల్లలకు ముప్పై ప్రశ్నలు తయారుచేశారు. చదువు రాని పిల్లకు కూడా అన్యాయం జరగకూడదని చాలావాటిలో మాటలు లేకుండా బొమ్మలే పెట్టారు. పేర్ల బదులు నంబర్లు వేశారు. దిద్దే పని నాది. జవాబుల పట్టిక చేతికిచ్చి, "నీకు కృష్ణానగర్‌లో సగంమంది తెలుసు. పేరు కనబడితే చెయ్యి వణుకుతుంది. అందుకే నంబర్లు" అన్నారు.

దిద్దాను. నూట మూడు మంది రాశారు. ఒక్కో కంప్యూటరుకు ముగ్గురు చొప్పున అరవై మందికి చోటు దొరికింది. నలభై మూడు మందికి లేదు.

నంబర్లు విప్పి పేర్లు రాసుకున్నాక ఒకటి తేలింది. డ్రైవర్ల పిల్లలు, వాచ్‌మన్ల పిల్లలు, ఇళ్ళలో పనిచేసేవాళ్ళ పిల్లలు బాగానే గట్టెక్కారు. తప్పినవాళ్ళలో దాదాపు అందరూ సినిమా పనివాళ్ళ పిల్లలు: జూనియర్ ఆర్టిస్టులు, సెట్ వడ్రంగులు, లైట్‌మెన్. ఆవిడ దానికి కారణం వెతికారు. ఆ ఇళ్ళలో పెద్దలు ఏ పూట ఉంటారో ఏ పూట ఉండరో తెలీదు, పిల్లలు బడికి సరిగ్గా పోరు, అందువల్ల ఒక దాని తర్వాత ఒకటి ఏమొస్తుందో పోల్చుకునే అలవాటు వాళ్ళకు తక్కువ అని నివేదికలో రాసి సంతకం పెట్టారు. నేను చదివాను. నాకూ సబబుగానే అనిపించింది. రోజూ సెట్లో ఉండేవాణ్ణి నేను.

ఏడాది గడిచింది. రెండో జట్టుకు అదే పరీక్ష పెట్టే ముందు, ఏ ప్రశ్న పిల్లలకు ఎలా వచ్చిందో విడివిడిగా తీసివ్వమన్నారు. పాత కాగితాలు ముందేసుకుని పట్టిక గీశాను. మొదటిసారి ఒప్పా తప్పా అనే చూశాను. ఈసారి ఏం రాశారో కూడా ఎక్కించాను.

ముప్పై ప్రశ్నల్లో ఎనిమిది ఒకే రకానివి. అయిదు బొమ్మలు కలగాపులగంగా ఉంటాయి, వాటిని సరైన వరసలో పెట్టాలి. ఒక దాంట్లో ఒక పిల్ల ఇంట్లో అమ్మ దగ్గర గొడుగు తీసుకుంటుంది, వీధిలో నడుస్తుంది, గాలివానకు గొడుగు తిరగబడుతుంది, దుకాణం చేరుతుంది, చివరికి ఇంట్లో అమ్మ తల తుడుస్తుంది. తప్పిన నలభై మూడు మందిలో ఇరవై తొమ్మిది మంది దీనికి ఒకే జవాబు రాశారు. ముందు ఇంట్లోవి రెండూ, తర్వాత వీధిలోవి రెండూ, ఆఖరికి దుకాణం.

అయిదు బొమ్మల్ని నూట ఇరవై రకాలుగా పేర్చవచ్చు. తెలీక పేర్చిన పిల్లలైతే ఆ నూట ఇరవైలో చెల్లాచెదురు కావాలి. ఇరవై తొమ్మిది మంది వచ్చి ఒకే చోట కూర్చోరు. మిగతా ఏడింటిలోనూ అంతే. అది ఏం వరసో నాకు తెలుసు. పదేళ్ళుగా ఆ వరసలోనే బస్సులెక్కించి జనాన్ని దింపుతున్నాను.

పట్టిక పట్టుకుని పైకి పోయాను. ఆవిడ తొందరలో ఉన్నారు.

"తప్పులన్నీ ఒక్క తీరుగనే ఉన్నయి మేడం."

"పక్కపక్కన కూర్చుని చూసి రాసుంటారు."

"వేరే వేరే గదులల్ల రాసిన్రు. నేను చూసిన. గిది తప్పు కాదు మేడం, గిది షూటింగ్ షెడ్యూలు."

"పరీక్ష తయారుచేయడం అంటే తలలు లెక్కపెట్టడం కాదయ్యా. నీకు అర్థం కాదులే."

ఆ మాట ఆవిడే అన్నారు. మెచ్చుకునేవాణ్ణే అయినా దాచను. పట్టిక అక్కడే పెట్టి దిగి వచ్చేశాను.

మర్నాడు పొద్దున ఆరున్నరకు కృష్ణానగర్ గల్లీలో నేను బస్సు దగ్గర పేర్లు పిలుస్తుంటే, జనంలో నల్ల గొడుగు కనబడింది. అంత దూరం నడిచి వచ్చారు. జూబ్లీహిల్స్‌లో కార్లున్నవాళ్ళ డ్రైవర్లు ఆగి "ఎక్కండమ్మా" అని పిలిచినా ఎక్కే మనిషి కాదు.

"నిన్న నీకు అర్థం కాదన్నాను. అర్థం కానిది నాకు. నన్ను కూడా ఎక్కించు."

"రెండు వందల ఆరు మేడం, మీతోని ఏడు."

ఆ రోజు ఒక ఇంటి సెట్టు. పొద్దున పది గంటలకు ఆ ఇంటి పెద్దాయన చచ్చిపోయి పడుకున్నాడు, మావాళ్ళంతా ఏడ్చారు. భోజనాలయ్యాక అదే హాల్లో అదే పెద్దాయన పాతికేళ్ళ ముందు కొడుకు బారసాల చేశాడు. ఆవిడ ఒక విరిగిన కుర్చీలో కూర్చుని సాయంత్రం దాకా చూశారు. సెట్టు వెనక్కి కూడా వెళ్ళి చూశారు. వెనక ఇల్లు లేదు, కర్రలున్నాయి.

తిరిగి వస్తూ, "ఆ పిల్లల్లో ఒకర్ని చూపించు" అన్నారు.

సెట్ వడ్రంగి కూతురు సరిత ఇల్లు దగ్గర్లోనే. అప్పటికి పదకొండేళ్ళు. గడపలో కూర్చుని జాకెట్టుకు హుక్కులు కుడుతోంది. మేడం గడప అవతలే మోకాళ్ళ మీద కూర్చుని గొడుగు పిల్ల బొమ్మలు అయిదూ నేల మీద పరిచారు. సరిత క్షణంలో పేర్చింది. ఇల్లు, ఇల్లు, వీధి, వీధి, దుకాణం.

"ఇలా ఎందుకు పెట్టావమ్మా?"

"ఇంట్ల సీన్లు రెండు ఒక్కసారే తీసేస్తరు గద అమ్మమ్మా. బయటికి పోయి మళ్ల ఇంట్లకొస్తే లైట్లన్ని ఎవలు మోస్తరు?"

"మరి తల తడిసింది ముందు తీస్తే, తర్వాత వీధిలో పొడి తలతో ఎట్లా నడుస్తుంది?"

సరిత ఆవిణ్ణి జాలిగా చూసింది. "డ్రయ్యరుంటది గదా."

"కథ ఎట్లా జరిగిందో నీకు తెలుసా?"

"ఎందుకు తెల్వది?" అని గొడుగు దగ్గర నుంచి తల తుడిచేదాకా గడగడా చెప్పేసింది. "గది కథ. మీరు కథ అడగలేదు. వరస అడిగిన్రు."

నేను మేడం ముఖం చూడలేదు. లోపల నుంచి సరిత తల్లి వచ్చింది. జూనియర్ ఆర్టిస్టు, ఆ రోజు పొద్దున ఏడ్చినవాళ్ళలో ఒకతి. కళ్ళకింద, ఏడుపు కోసం పెట్టిన గ్లిజరిన్ మరకలు ఇంకా ఉన్నాయి. మేడం లేచి నిలబడ్డారు.

"అమ్మా, పోయినేడు మీ అమ్మాయిని పరీక్షించింది నేను. పరీక్ష తప్పు. పిల్లది తప్పు కాదు."

ఆమె పిల్ల వైపు చూసి అంది:

"ఇప్పుడు చెప్తే ఏం ఫాయిదా టీచరమ్మా? పెద్ద చదువుకున్న మేడమే తెలివి లేదని రాసిందని వాళ్ల నాయన బడి మాన్పిచ్చిండు. ఇంక దానికెందుకు పుస్తకాల ఖర్చని. ఏడాదాయె."

సరిత తల వంచుకుని హుక్కు కుట్టింది. మేడం మంచినీళ్ళడిగారు. చెంబు అందుకుని మొత్తం తాగారు. తర్వాత ఆ మూడు వాక్యాలూ మళ్ళీ చెప్పారు, ఈసారి తల్లికి కాదు, పిల్లకు. "నిన్ను పరీక్షించింది నేను. పరీక్ష తప్పు. నువ్వు కాదు."

పిల్ల తల ఎత్తి, "అయితే నేను పాసేనా?" అంది.

"ఎనిమిదికి ఎనిమిది" అన్నారు మేడం.

వారం తిరక్కుండా ఆ యజమాని ఆఫీసుకు వెళ్ళాం. చుట్టూ అద్దాలు, చలి. ఆయన మర్యాదస్తుడే.

"మేడం, ఏ టెస్ట్‌లో అయినా కొంచెం ఎర్రర్ ఉంటుంది కదా. ఆ ఎనిమిది క్వశ్చన్స్ తీసేసి మళ్ళీ మార్కులు వేయండి. పాసైనవాళ్ళని నెక్స్ట్ బ్యాచ్‌లో చూద్దాం."

నేనప్పటికే వేశాను. ముప్పై ఒక్క మంది గట్టెక్కుతారు. ఆ మాట అనబోతే మేడం గొడుగుతో నా కాలు తట్టారు.

"ఈ తప్పు దొరికింది ఇతను సెట్లో పనిచేస్తాడు కాబట్టి. మిగతా ఇరవై రెండు ప్రశ్నల్లో ఏ తప్పుందో నాకు తెలీదు. తెలీనప్పుడు పన్నెండు మందిని మళ్ళీ తప్పించే హక్కు నాకు లేదు. నలభై మూడు మందీ రావాలి."

"మేడం, ఎర్రర్ అనేది..."

"ఆ ఎర్రర్ పేర్లు చదువుతాను, వినండి."

నోటుపుస్తకం తెరిచి చదివారు. పేరు, తండ్రి పేరు, తల్లి పేరు, గల్లీ. ఒక్కటీ వదల్లేదు. ఎవరో తలుపు తోసుకుని వచ్చి, చూసి, వెనక్కి పోయారు. నాలుగు నిమిషాలు పైగా పట్టింది. గోడ మీద గడియారం నాకు ఎదురుగానే ఉంది. చదవడం అయ్యాక ఆయన, "తీసుకుందాం మేడం, టెస్ట్ లేకుండానే" అన్నాడు.

తీసుకున్నాడు కూడా. కానీ నలభై మూడు మందిలో తిరిగి వచ్చింది పందొమ్మిది మంది. ఒకసారి కాదన్న చోటికి పిల్లలు అంత సులువుగా రారు. సరిత వచ్చింది, హుక్కుల పని ముగించుకుని, రోజూ పావుగంట ఆలస్యంగా. ఇంకో ఏడాదికి అమెరికాలో కంప్యూటర్ వ్యాపారం ఏదో పడిపోయిందని ఆ గదికి తాళం పడింది.

మేడం అంతటితో ఆపి ఉంటే నేను ఈ వ్యాసం రాసేవాణ్ణి కాదు. పాత నివేదిక తప్పని పత్రికలో రాశారు. తను ముందు కారణం రాసి తర్వాత మనుషుల్ని చూశానని, పేరు చూడని పరీక్ష ఇల్లు కూడా చూడలేదని, ఇల్లు చూడకపోవడమే న్యాయమని ఇన్నాళ్ళూ అనుకున్నానని రాశారు. ఆవిడ స్నేహితులు ఫోన్లు చేసి సంతోషపడ్డారు, పరీక్షలన్నీ కుట్ర అని ఇప్పటికైనా ఒప్పుకున్నావని. "నేనలా రాయలేదు. మళ్ళీ చదవండి" అని పెట్టేసేవారు. పరీక్ష వద్దని ఆవిడ చివరిదాకా అనలేదు. దిద్దేవాడు ఆ పిల్లల గల్లీలో కనీసం ఒక రోజు కూర్చున్నాకే దిద్దాలన్నారు. పోయిన ఆ నాలుగు వందల పేజీలు దాని గురించే.

కానీ వ్యాసం ఆ పిల్లలు చదవరు కదా. అందుకని గడప గడపకీ వెళ్ళడం మొదలుపెట్టారు. దానికి నియమాలు పెట్టారు. ఎదురుగా నిలబడి చెప్పాలి. ఫోన్లో చెబితే లెక్కలోకి రాదు. తల్లికో అన్నకో చెప్పి పంపితే రాదు. చెప్పేది ఆ మూడు వాక్యాలే, సర్దిచెప్పుకోవడం ఉండకూడదు. చెప్పాకే పేరు పక్కన టిక్కు.

కిరాయి ఇళ్ళ వాళ్ళు ఒక చోట ఉండరు. కృష్ణానగర్ నుంచి యూసుఫ్‌గూడకు, అక్కణ్ణుంచి బోరబండకు. మొదటి మూడేళ్ళలో ఆవిడే ఇరవై ఆరు గడపలు తిరిగారు. మోకాళ్ళు పట్టేశాక నేను ఆటో మాట్లాడి తీసుకెళ్ళాను, ఇంకో అయిదు. వాళ్ళలో ఒకాయన అప్పటికే మీసాలొచ్చిన లైట్‌మన్, విని, పగలబడి నవ్వి, "టీచరమ్మా, నా మీద పరీక్ష పెట్టినోళ్లు మస్తుమంది ఉన్నరు. తప్పయిందని చెప్పనీకి వచ్చింది నువ్వొక్కదానివే" అన్నాడు. ఆటో ఎక్కాక ఆవిడ కళ్ళద్దాలు తుడుచుకున్నారు. దుమ్మన్నారు.

ఒక పేరు దగ్గర ఆగాం. ఆ కుర్రాడు బైకు మీద పోతూ లారీ కిందపడి చచ్చిపోయాడు. నేను పేరు కొట్టెయ్యబోయాను.

"కొట్టెయ్యకు. పోయినవాడికి చెప్పలేం కదా. వాళ్ళమ్మకు చెబుదాం. ఇదొక్కటే మినహాయింపు."

చెప్పారు. ఆ తల్లి చాలాసేపు మేడం చెయ్యి వదల్లేదు. అది ముప్పై రెండో టిక్కు.

చివరి సంవత్సరాల్లో ఆవిడ వాటా దిగలేదు. నోటుపుస్తకం నాకిచ్చేశారు. నేను తలుపు తోయగానే మంచం మీద నుంచి ఒకటే ప్రశ్న: "ఎంత?"

"పదకొండు మేడం."

"పోయినసారీ పదకొండేగా."

"ఎక్కడున్నరో దొరుకుతలేరు మేడం."

"రెండు వందల పద్నాలుగు మందిలో ఉపవాసం ఉన్నవాణ్ణి పట్టుకున్నావు. పదకొండు మంది దొరకరా?"

ఇరవై ఏళ్ళ పైచిలుకులో ఆవిడ నన్ను మెచ్చుకున్నది ఆ ఒక్కసారే. అది కూడా మందలింపుగా.

ఆవిడ పోయాక ఇద్దరు దొరికారు. ఒకామె పటాన్‌చెరులో టైలరింగ్ షాపు నడుపుతోంది, ఆమెకు చెప్పి టిక్కు పెట్టాను. ఆమె ఆచూకీ చెప్పింది సరితే; ఇప్పుడు సరిత సీరియళ్ళ ఆఫీసులో ఏ రోజు ఏ సీను తీయాలో కంప్యూటర్ మీద వరస వేస్తుంది. రెండో అతను క్యాబ్ నడుపుతాడు. మాదాపూర్‌లో ఫ్లైఓవర్ కింద బండి ఆపుకుని టీ తాగుతుంటే కలిశాను. నా వయసు మనిషి ఎదురుగా చేతులు కట్టుకుని నిలబడేసరికి కంగారుపడ్డాడు. ఆవిడ పోయారని ముందు చెప్పి, ఆవిడ తరఫున ఆ మూడు వాక్యాలూ చెప్పాను. రెండో వాక్యం రెండుసార్లు చెప్పాను. ఆ పరీక్ష దిద్దింది నేను.

అతను టీ గ్లాసు బండి మీద పెట్టాడు.

"నాకు యాదున్నది సార్. గొడుగు బొమ్మ. మా పాపకు లెక్కలు రాకపోతే, నాకే తెలివి లేదు నీకేడికెల్లి వస్తది అంటుంట." గ్లాసు మళ్ళీ చేతిలోకి తీసుకుని, "ఇంక అననులే" అన్నాడు.

టిక్కు పెట్టాను. ఇంకా తొమ్మిది పేర్ల పక్కన ఖాళీగా ఉంది. మొత్తం పుస్తకం తిరగేసి మళ్ళీ కూడాను, ఆవిడ ఉంటే కూడేవారు కాబట్టి. నలభై మూడులో ముప్పై నాలుగు చెప్పాం.

ఇది రాస్తున్న ఈ పూటకు బాకీ తొమ్మిది గడపలు.